యూట్యూబ్ నుంచి దించి టైమ్‌లైన్‌లో పెట్టేసిన పాత ఫుటేజ్‌కి ఒరిజినల్ ఎక్కడ, ఎలా వెతకాలి?

మసకతెర అడిగారు:

అందరికీ నమస్తే. ఎయిర్‌షిప్‌ల చరిత్ర మీద 52 నిమిషాల డాక్యుమెంటరీ ఒకటి చేస్తున్నాం, అందులో రీసెర్చ్, అసిస్టెంట్ ఎడిటింగ్ రెండూ నేనే చూస్తున్నా. రఫ్ కట్ అయిపోయింది, డైరెక్టర్‌గారికి బాగా నచ్చింది. అయితే ఎడిట్ ఎక్కడా ఆగకూడదని ఎనిమిది నెలలుగా నెట్‌లో ఏ పాత క్లిప్ కనిపిస్తే అది దించేసి టైమ్‌లైన్‌లో పెట్టుకుంటూ వచ్చా, హక్కుల సంగతి తర్వాత చూద్దాంలే అనుకున్నా, ఇప్పుడు పిక్చర్ లాక్‌కి (ఇక కట్ మార్చకూడని గడువు) ఆరు వారాలే ఉంది. లెక్కపెడితే 63 పాత షాట్లు తేలాయి. సగం ఫైళ్ల పేర్లు "ఎయిర్‌షిప్ పాతది 3" లాంటివే, ఎక్కడినుంచి తెచ్చానో నాకే గుర్తు లేదు.

సినిమాకి ప్రాణం లాంటి సీన్ హిండెన్‌బర్గ్ అనే జర్మన్ ఎయిర్‌షిప్ కాలిపోయేది, 1937 మే 6న అమెరికాలోని లేక్‌హర్స్ట్‌లో జరిగింది. నా దగ్గరున్న క్లిప్‌లో మంట మొదలైన క్షణం నుంచి నేలకూలేవరకు ఉంది, వెనక రేడియో ఆయన ఏడుస్తూ చెప్పే గొంతు కూడా అందులోనే ఉంది. ఆ సీన్ అలాగే ఉండాలని డైరెక్టర్‌గారి పట్టుదల. నేను అడిగేది రెండే: ఈ షాట్ల అసలు ఓనర్లని ఎలా పట్టుకోవాలి, 1937 అంటే 80 ఏళ్లు దాటింది కదా, ఇంకా పర్మిషన్ కావాలా? ఇంతకుముందు ఈ పని చేసినవాళ్లు ఎవరైనా చెప్పండి ప్లీజ్.

నెగెటివ్‌పెట్టె రాశారు:

ముందు ఆ హిండెన్‌బర్గ్ సీన్ సంగతే చూద్దాం, మీ మిగతా 62 షాట్లకి కూడా జవాబు అందులోనే దొరుకుతుంది.

ఆ గొంతు, ఆ బొమ్మ ఒక్క చోట పుట్టినవి కావు. గొంతు హెర్బర్ట్ మారిసన్‌ది, ఆయన షికాగోలోని డబ్ల్యూఎల్ఎస్ రేడియో తరఫున వెళ్లి డిస్క్ మీద రికార్డ్ చేశాడు, లైవ్ కూడా కాదు, మర్నాడు ప్రసారమైంది. బొమ్మ తీసింది న్యూస్‌రీల్ (అప్పట్లో థియేటర్లలో వేసే వార్తల రీళ్లు) కెమెరావాళ్లు. రెండూ కలిపింది తర్వాతవాళ్లు. అంటే మీ ఒక్క క్లిప్‌కి కనీసం రెండు వేర్వేరు సోర్స్‌లు, రెండు వేర్వేరు హక్కుల లెక్కలు. ఇంకోటి, ఆ రోజు రికార్డింగ్ మెషిన్ కాస్త నిదానంగా తిరగడం వల్ల మామూలు స్పీడ్‌లో వేస్తే గొంతు అసలుకన్నా సన్నగా, తొందరగా వినిపిస్తుంది, ఆయన మామూలు గొంతు ఇంతకన్నా బరువైనది. నెట్‌లో తిరిగే కాపీల్లో చాలావాటికి ఇది సరిచేసి ఉండదు.

ఇక మంట మొదలైన క్షణం అన్నారు చూడండి, అక్కడ నాకు అనుమానం వచ్చింది. ఆ క్షణం ఏ న్యూస్‌రీల్ కెమెరాలోనూ పడలేదు. కెమెరాలు అప్పుడు వేరే వైపు ఉన్నాయి, లేదా ఆగి ఉన్నాయి, మంట పుట్టాకే అందరూ తిప్పుకున్నారు. మీ క్లిప్‌లో ఆ క్షణం నిజంగా కనిపిస్తుంటే అది సినిమా కోసం తీసిన షాట్ అయ్యుండొచ్చు, 1975లో ఈ ప్రమాదం మీద వచ్చిన ఫీచర్ సినిమాలో అసలు న్యూస్‌రీల్‌నీ కొత్తగా తీసిన షాట్లనీ కలిపేశారు, నెట్‌లో అలాంటి ముక్కలు అసలు ఫుటేజ్ పేరుతో కలిసిపోతుంటాయి. ఫ్రేమ్ ఫ్రేమ్‌గా చూసుకోండి, పొరపాటున అది వెళ్లిందంటే హక్కుల కేసు ఒక్కటే కాదు, డాక్యుమెంటరీ మీద నమ్మకమే పోతుంది.

ఇది మీకొక్కరికే జరిగేది కాదు. 1917 రష్యా విప్లవంలో వింటర్ ప్యాలెస్ మీద దాడి అని ఎన్నో ప్రోగ్రాముల్లో చూపించేది నిజానికి సోవియట్ డైరెక్టర్ ఐజెన్‌స్టైన్ తన సినిమా కోసం పదేళ్ల తర్వాత తీసింది. మొదటి ప్రపంచ యుద్ధంలో సైనికులు కందకంలోంచి పైకెక్కే ఆ ప్రసిద్ధమైన షాట్ ఉంది కదా, సొమ్ యుద్ధం మీద 1916లో వచ్చిన సినిమాలోది, అది కూడా వెనకవైపు ట్రైనింగ్ చోట నటింపజేసి తీసిందే అని పరిశోధకులు తేల్చారు. కాబట్టి బొమ్మ చూసి నమ్మొద్దు, కాగితం చూసి నమ్మండి. న్యూస్‌రీల్ కెమెరామన్ రీల్‌తో పాటు ఒక కాగితం పంపేవాడు, డోప్ షీట్ అంటారు, ఏ రోజు, ఎక్కడ, ఏ షాట్‌లో ఎవరున్నారు అని. అది దొరికితే సగం పని అయినట్టే. నేను ఒకసారి ఓడరేవు షాట్ ఒకటి ఫలానా ఊరిదే అని మూడు వారాలు నమ్మాను, క్యాటలాగ్‌లో కూడా అలాగే ఉంది, డోప్ షీట్ స్కాన్ తెప్పిస్తే అందులో ఊరే వేరు, ఏడాది కూడా వేరు. క్యాటలాగ్ రాసింది ఎప్పుడో 30 ఏళ్ల తర్వాత ఇంకెవరో.

ఇప్పుడు ఓనర్ల సంగతి. ఆ రోజు లేక్‌హర్స్ట్‌లో పాథే, మూవీటోన్, హర్స్ట్, పారామౌంట్ టీమ్‌లు ఉన్నాయి. వాటిలో అమెరికన్ పాథే, పారామౌంట్ న్యూస్‌రీల్ రెండూ ఇప్పుడు షెర్మన్ గ్రిన్‌బర్గ్ లైబ్రరీలో ఉన్నాయి. హర్స్ట్ కలెక్షన్ 1981 నుంచి లాస్ ఏంజెలెస్‌లోని కాలిఫోర్నియా యూనివర్సిటీ (యూసీఎల్ఏ) దగ్గర. ఫాక్స్ మూవీటోన్‌లో కొంత భాగం 1980లో సౌత్ కరోలినా యూనివర్సిటీకి ఇచ్చారు. ఇక్కడే చాలామంది బోల్తా పడతారు: అమెరికన్ పాథే వేరు, బ్రిటిష్ పాథే వేరు. అలాగే అమెరికా మూవీటోన్ వేరు, బ్రిటిష్ మూవీటోన్ వేరు, బ్రిటిష్ మూవీటోన్ ఇప్పుడు ఏపీ (అసోసియేటెడ్ ప్రెస్ వార్తాసంస్థ) ఆర్కైవ్ ద్వారా దొరుకుతుంది. పేరు ఒకటే అని ఒకరికి డబ్బు కట్టేసి, అసలు ఓనర్ ఇంకొకరని తర్వాత తెలిసినవాళ్లని నేను చూశాను.

యూనివర్సల్ న్యూస్‌రీల్ కూడా ఈ ప్రమాదం మీద స్పెషల్ రిలీజ్ ఒకటి చేసింది. 1929 నుంచి 1967 వరకు నడిచిన ఆ న్యూస్‌రీల్ మొత్తాన్ని స్టూడియో 1970లలో హక్కులతో సహా అమెరికా నేషనల్ ఆర్కైవ్స్‌కి ఇచ్చేసింది, మీకు అన్నిటికన్నా తేలికైన దారి అదే. కాకపోతే ఆ కలెక్షన్‌లో అన్నీ మిగల్లేదు, 1978 డిసెంబర్‌లో సూట్‌లాండ్‌లోని నైట్రేట్ వాల్ట్‌లో మంటలు లేచి యూనివర్సల్ నెగెటివ్‌లు 1.26 కోట్ల అడుగులు కాలిపోయాయి. నైట్రేట్ ఫిల్మ్ అంటే మండేటప్పుడు తనకు కావాల్సిన ఆక్సిజన్ తనే పుట్టిస్తుంది, నీళ్లలో ముంచినా ఆరదు. ఆ అంకె రాస్తుంటే నాకు ఇప్పటికీ కడుపులో తిప్పుతుంది.

ఇవాళే ఒక షీట్ తెరవండి, 63 వరసలు. షాట్ నంబర్, టైమ్‌లైన్‌లో ఎక్కడినుంచి ఎక్కడిదాకా, ఎన్ని సెకన్లు, దొరికిన లింక్, ఆ లింక్ పెట్టింది ఎవరు, అసలు ఓనర్ ఎవరు అనుకుంటున్నారు, రుజువు ఏంటి. రుజువు గడి ఖాళీగా ఉన్న షాట్ మీ సినిమాలో ఇంకా లేనట్టే లెక్క.

కట్‌టుకట్ రాశారు:

పై రిప్లై మొత్తానికి నా ఓటు. ఒక చిన్న ట్రిక్ చెప్తా, లింక్ గుర్తులేని షాట్లకి ఒక్కో షాట్ నుంచి మూడు నాలుగు ఫ్రేమ్‌లు ఇమేజ్‌గా సేవ్ చేసి రివర్స్ ఇమేజ్ సెర్చ్‌లో వేయండి. మనుషుల మొహాలు కాకుండా బోర్డులు, భవనాలు, ఓడల పేర్లు బాగా కనిపించే ఫ్రేమ్‌లు తీసుకుంటే ఎక్కువ దొరుకుతాయి. బ్రిటిష్ పాథే 2014లో 85,000 ఫిల్మ్‌లు యూట్యూబ్‌లో పెట్టింది, ఏపీ, బ్రిటిష్ మూవీటోన్ కలిసి 2015లో 5,50,000కి పైగా వీడియోలు పెట్టాయి, మీ షాట్లలో చాలావరకు అక్కడినుంచి ఎవరో దించి మళ్లీ ఎక్కించినవే అయ్యుంటాయి. అక్కడ దొరికితే క్లిప్ నంబర్ డిస్క్రిప్షన్‌లోనే ఉంటుంది, అదే మెయిల్‌లో పెట్టి అడిగితే వాళ్లకీ వెంటనే తెలుస్తుంది. "1930ల ఎయిర్‌షిప్ షాట్లు పంపండి" అని రాస్తే మాత్రం వారం దాకా జవాబు రాదు.

హక్కులపత్రం రాశారు:

80 ఏళ్లు దాటింది కదా అన్న ప్రశ్నకి నేను చెప్తా, ఇరవై ఏళ్లుగా నేను చేస్తున్న పని ఇదే.

ప్రపంచం మొత్తానికి ఒకే లెక్క లేదు. అమెరికాలో ఆ కాలంలో పబ్లిష్ అయినవాటికి 95 ఏళ్లు, కానీ 1964కి ముందు పబ్లిష్ అయినవైతే 28వ ఏట రెన్యువల్ చేయించుకుని ఉండాలి, చేయించుకోకపోతే అప్పుడే హక్కు పోయింది. 1937 నాటి న్యూస్‌రీల్‌కి రెన్యువల్ జరిగిందా లేదా అన్నది కాపీరైట్ ఆఫీసు పాత క్యాటలాగ్‌లలో ఉంటుంది, అవి స్కాన్ అయి నెట్‌లో ఉన్నాయి, ఓపిగ్గా తిప్పాలంతే. ఇండియాలో సినిమాటోగ్రాఫ్ ఫిల్మ్‌కి పబ్లిష్ అయిన తర్వాతి ఏడాది నుంచి 60 ఏళ్లు. యూరప్‌లో అయితే డైరెక్టర్, స్క్రీన్‌ప్లే రాసినవారు, డైలాగ్ రాసినవారు, సంగీతం ఇచ్చినవారు, ఈ నలుగురిలో చివరగా పోయినవారి తర్వాత 70 ఏళ్లు. అంటే ఒకే షాట్ ఒక దేశంలో ఫ్రీ, ఇంకో దేశంలో కాదు. మీ సినిమా ఎక్కడెక్కడ చూపిస్తారన్నది ముందు తేలాలి.

మారిసన్ గొంతుకి వేరే లెక్క. అమెరికాలో 1972 ఫిబ్రవరి 15కి ముందు నాటి సౌండ్ రికార్డింగ్‌లకి 2018లో కొత్త చట్టం వచ్చింది, 1923 నుంచి 1946 మధ్య పబ్లిష్ అయినవాటికి 100 ఏళ్లు. బొమ్మ పబ్లిక్ డొమైన్ కదా అని గొంతు కూడా అంతే అనుకోకండి, దాన్ని లాయర్‌కి విడిగా చూపించండి.

ఇంకోటి, పబ్లిక్ డొమైన్ అంటే హక్కుకి డబ్బు కట్టనక్కర్లేదని మాత్రమే. మంచి కాపీ కావాలంటే రీల్ ఎవరి దగ్గరుందో వాళ్లని అడగాల్సిందే, వాళ్లు స్కాన్‌కీ యాక్సెస్‌కీ తీసుకుంటారు, కాగితం మీద సంతకం పెట్టించుకుంటే ఆ షరతులు మిమ్మల్ని కట్టేస్తాయి. అమెరికా నేషనల్ ఆర్కైవ్స్‌లో లైసెన్స్ ఫీజు ఉండదు, కాపీ తీయించుకునే ఖర్చు మాత్రమే. నాసా మెటీరియల్ కూడా మామూలుగా కాపీరైట్ లేనిదే, కానీ వాళ్ల లోగో వాడటానికీ, నాసా మీ ప్రోడక్ట్‌ని సపోర్ట్ చేస్తున్నట్టు చూపించడానికీ ఒప్పుకోరు. ప్రభుత్వ కలెక్షన్‌లో ఉన్నంత మాత్రాన ప్రభుత్వం తీసిందే అని కూడా కాదు, బయటివాళ్ల నుంచి తెచ్చుకున్న షాట్లు మధ్యలో కలిసి ఉంటాయి.

లైసెన్స్ తీసుకోవాల్సిన షాట్లకి మూడు విషయాలు రాసిస్తారు: ఏ మీడియా, ఏ దేశాలు, ఎన్నేళ్లు. ఈ మూడోది తేలిగ్గా తీసుకోకండి. అమెరికాలో పౌరహక్కుల ఉద్యమం మీద 1987లో వచ్చిన ఐస్ ఆన్ ద ప్రైజ్ అనే సిరీస్‌కి ఫుటేజ్, పాటల లైసెన్స్‌ల గడువు 1990లలో తీరిపోయింది, అంత గొప్ప పని ఏళ్ల తరబడి టీవీలో మళ్లీ వేయలేకపోయారు, దాతల డబ్బుతో అన్నీ మళ్లీ క్లియర్ చేయించాక 2006లో గానీ ప్రసారం కాలేదు. ఒక దేశ చరిత్రకి దగ్గరుండి సాక్ష్యం చెప్పిన సిరీస్ అది, ఒక తరం పిల్లలకి టీవీలో కనపడకుండా పోయింది. అందుకే బడ్జెట్ కాస్త అటూ ఇటూ అయినా ముఖ్యమైన షాట్లకి శాశ్వతంగా తీసుకోండి అని నేను అందరికీ చెప్తా, షాట్లు తగ్గించుకోండి, ఏళ్లు తగ్గించుకోకండి.

చివరిగా, ఆర్కైవ్ మీకు ఇచ్చేది ఆ ఫుటేజ్ కాపీరైట్ మాత్రమే. అందులో వినిపించే పాట, గోడ మీద పెయింటింగ్, కనిపించే నటుడు, ఆటగాడు, వీటికి బాధ్యత మాది కాదని కాంట్రాక్ట్‌లోనే రాసుంటుంది. చదవకుండా సంతకం పెట్టొద్దు.

రీల్‌రన్నర్ రాశారు:

డాక్యుమెంటరీయే కదా, ఫెయిర్ యూజ్ (పర్మిషన్ లేకుండా కొంత వాడుకునే వెసులుబాటు) అని పెట్టేస్తే సరిపోదా? చాలా సినిమాలు అలాగే వస్తున్నాయి, ఇంత టెన్షన్ ఎందుకు.

హక్కులపత్రం రాశారు:

రీల్‌రన్నర్‌గారూ, సరిపోయే చోట్లు ఉన్నాయి, కాదనను. 2005లో డాక్యుమెంటరీ మేకర్స్ కలిసి ఫెయిర్ యూజ్ మీద ఒక మార్గదర్శక పత్రం తెచ్చారు, దాని తర్వాత, హక్కుల కేసు పడితే భరించే ఇన్సూరెన్స్ కంపెనీలు కూడా లాయర్ ఒపీనియన్ లెటర్ ఉంటే ఒప్పుకోవడం మొదలైంది. కానీ అది అమెరికా చట్టంలోని మాట, చాలా దేశాల్లో ఉన్న ఫెయిర్ డీలింగ్ ఇంతకన్నా ఇరుకు. అమెరికాలో అయినా, ఆ క్లిప్ గురించే మీరు మాట్లాడుతున్నారా, దాన్ని విశ్లేషిస్తున్నారా, అవసరమైనంతే వాడారా అని చూస్తారు. న్యూస్‌రీల్‌వాళ్లు ఈ ప్రమాదాన్ని జనానికి ఎలా చూపించారో చర్చిస్తూ ఆ న్యూస్‌రీల్ వేస్తే వాదన గట్టిగా నిలబడుతుంది. ఆకాశంలో ఎయిర్‌షిప్ అందంగా తేలుతుంటే వాయిస్ ఓవర్ కింద పరుచుకోవడానికి వాడితే నిలబడదు, దానికోసమే కదా లైసెన్స్‌లు అమ్మేది. ఛానెల్ అయినా ఓటీటీ అయినా కొనే ముందు ఇన్సూరెన్స్ కాగితం అడుగుతారు, అక్కడ షాట్ షాట్‌కీ జవాబు చెప్పాలి. ఫెయిర్ యూజ్ అనుకునే షాట్‌ని షీట్‌లో ఆ పేరుతోనే రాసి, ఎందుకో రెండు వాక్యాలు పక్కన పెట్టి, లాక్‌కి ముందే లాయర్‌కి చూపించాలి.

మసకతెర రాశారు:

అందరికీ చాలా థాంక్స్, నిన్న రాత్రంతా కూర్చుని ఫ్రేమ్ ఫ్రేమ్‌గా చూశా. నెగెటివ్‌పెట్టెగారు చెప్పిందే నిజం, మంట మొదలయ్యే 2 సెకన్లు మిగతా షాట్‌తో కలవట్లేదు, గ్రెయిన్ (ఫిల్మ్ మీది సన్న చుక్కలు) తేడా, అంచుల్లో షార్ప్‌నెస్ తేడా, ఒక ఫ్రేమ్‌లో నేల మీద నీడలు కూడా వేరే వైపు ఉన్నాయి. ఇన్ని నెలల్లో కొన్ని వందలసార్లు చూసుంటా ఆ సీన్, ఒక్కసారి కూడా పట్టుకోలేదు. తీసేశాం. డైరెక్టర్‌గారు మొదట బాధపడ్డారు, తర్వాత ఆయనే అన్నారు, కెమెరాలు ఆ క్షణం మిస్ అయ్యాయన్న సంగతే వాయిస్ ఓవర్‌లో చెబుదామని.

షీట్‌లో ఇప్పటికి 44 షాట్లకి సోర్స్ దొరికింది. రెండు కొత్త అనుమానాలు. ఒకటి, 1919లో ఆర్34 అనే బ్రిటిష్ ఎయిర్‌షిప్ అట్లాంటిక్ దాటినప్పటి షాట్లలో మనుషులు పరుగెడుతున్నట్టు నడుస్తున్నారు, దీన్ని సరిచేయొచ్చా? రెండోది, నెట్‌లో దొరికిన ఒక క్లిప్ ఏఐతో 4కే చేసి రంగులు వేసింది, చూడ్డానికి చాలా బాగుంది, అదే సోర్స్‌గా వాడేయొచ్చా?

కట్‌టుకట్ రాశారు:

ఇది నా ఏరియా కాబట్టి కాస్త వివరంగా రాస్తా, ఓపిక చేసుకోండి.

సైలెంట్ కాలంలో కెమెరాని చేత్తో తిప్పేవాళ్లు, సెకనుకి 16, 18, 20 ఫ్రేమ్‌లు, చెయ్యిని బట్టి. దాన్ని 24 లేదా 25 మీద వేస్తే అందరూ పరుగెడతారు. సరిచేయొచ్చు, కానీ నెట్ నుంచి దించిన ఫైల్ మీద కాదు. ఎందుకంటే అది ఎప్పుడో ఎవరో టేప్‌కి ఎక్కించినప్పుడు కొన్ని ఫ్రేమ్‌లు రెండుసార్లు పడి ఉంటాయి, పాత టీవీ కాపీ అయితే ఇంటర్‌లేస్ (ఒక్కో ఫ్రేమ్ గీతలు గీతలుగా రెండు సగాలు) అయ్యుంటుంది, దాన్ని మళ్లీ ఎవరో తప్పుగా కన్వర్ట్ చేసి ఉంటారు, కదిలే అంచుల మీద దువ్వెన పళ్లలాంటి గీతలు కనిపిస్తే అదే. మీకు కావాల్సింది ఒక ఫిల్మ్ ఫ్రేమ్‌కి ఒక ఫైల్ ఫ్రేమ్‌గా తీసిన స్కాన్. ఆర్కైవ్‌కి మెయిల్ పెట్టేటప్పుడే "ఉన్న టేప్ ట్రాన్స్‌ఫర్ కాదు, ఫిల్మ్ నుంచి కొత్త స్కాన్ కావాలి, స్పీడ్ మార్చకుండా, ఫ్రేమ్ కత్తిరించకుండా ఇవ్వండి" అని రాయండి. ఆ తర్వాత 18 పెట్టి చూడండి, ఎక్కువైతే 16, మనిషి నడక మామూలుగా కనిపించేవరకు. నడిచే కాళ్లని చూడండి, జెండాలనీ పొగనీ చూస్తే తెలియదు.

ఇంకో ముఖ్యమైనది, ఆర్కైవ్ మొదట ఇచ్చేది స్క్రీనర్. మీద వాటర్‌మార్క్, కింద టైమ్‌కోడ్ అచ్చుపడి ఉంటాయి. ఆ టైమ్‌కోడే మీ ప్రాణం. దాన్ని క్రాప్ చేసి కనపడకుండా ఎడిట్‌లో పెట్టుకునేవాళ్లు ఉన్నారు, అలా చేయొద్దు, మాస్టర్ (వాటర్‌మార్క్ లేని, పూర్తి నాణ్యత ఉన్న కాపీ) ఆర్డర్ చేసేటప్పుడు ఆ నంబర్లే పంపాలి. ఒక సిరీస్‌లో మాకు ఇదే జరిగింది, ఎడిట్‌లో స్క్రీనర్‌ని జూమ్ చేసి పెట్టుకున్నారు, మాస్టర్ వచ్చాక ఒక్కో షాట్ కంటితో చూసి కూర్చాల్సి వచ్చింది, 200కి పైగా షాట్లు, ఇద్దరం పదకొండు రోజులు కూర్చున్నాం. ఆర్డర్‌లో అటూ ఇటూ ఒక్కో సెకను ఎక్కువ అడగండి, చివర్లో డిజాల్వ్ పెట్టాలంటే కావాలి. సెకన్ల లెక్క కూడా చూసుకోండి, చాలాచోట్ల కనీసం 30 సెకన్లకో 60 సెకన్లకో ఛార్జ్ చేస్తారు, నాలుగు ఆర్కైవ్‌ల నుంచి తలా 5 సెకన్లు తీసుకునేకన్నా ఒకే చోట 20 తీసుకోవడం మేలు. పిక్చర్ లాక్ అయ్యాకే మాస్టర్ ఆర్డర్ చేయాలి, కానీ కొత్త స్కాన్ అవసరమైన షాట్లకి ఇప్పుడే చెప్పి ఉంచండి, వాల్ట్ నుంచి రీల్ తీసి, గది ఉష్ణోగ్రతకి తెచ్చి, చూసి, స్కాన్ చేయడానికి వారాలు పడుతుంది.

ఏఐ 4కే సంగతి. వద్దు. అది కెమెరా చూసింది కాదు, సాఫ్ట్‌వేర్ ఊహించింది. నేను ఒక క్లిప్ పక్కపక్కన పెట్టి చూశా, అసలు స్కాన్‌లో దూరంగా నిలబడ్డ మనిషి మొహం నాలుగు గ్రెయిన్ మచ్చలు, అంతే. ఏఐ కాపీలో అతనికి కళ్లు, మీసం, చిన్న నవ్వు. ఆ మనిషి ఎవరో, నవ్వాడో లేదో ఎవరికీ తెలియదు. మన డాక్యుమెంటరీని రేపు ఇంకొకరు సోర్స్ అనుకుని వాడుకుంటారు, అప్పుడు ఆ నవ్వు చరిత్రలోకి వెళ్లిపోతుంది. ఆర్కైవల్ ప్రొడ్యూసర్స్ అలయన్స్ అని 2023లో మొదలైన సంఘం 2024లో దీని మీదే మార్గదర్శకాలు ఇచ్చింది, దాని సారం ఏంటంటే అసలు మెటీరియల్‌ని అసలుగా ఉంచాలి, ఏఐ వాడితే ప్రేక్షకుడికి తెలిసేలా వాడాలి. 4:3 బొమ్మని కూడా వీలైతే కత్తిరించకండి, పక్కన నల్ల పట్టీలు ఉంటే ఉండనివ్వండి, పైనా కిందా కోసేస్తే సగం ఎయిర్‌షిప్ పోతుంది.

ఇంటిరీలు రాశారు:

అందరూ పెద్ద ఆర్కైవ్‌ల గురించే చెప్తున్నారు, నేను ఇంకో వైపు నుంచి చెప్తా. హిండెన్‌బర్గ్ విషయంలోనే చూడండి, ప్రమాదం రోజు ఒక మామూలు మనిషి చేతి కెమెరాతో తీసిన 8 ఎంఎం ఫిల్మ్ 2021లో ఒక టీవీ డాక్యుమెంటరీలో వెలుగులోకి వచ్చింది. న్యూస్‌రీల్‌వాళ్లు అందరూ ఒకే వైపు ఉన్నారు, ఈయన వేరే చోట నిలబడి తీశాడు కాబట్టి ఎయిర్‌షిప్ మొత్తం ఇంకో కోణంలో కనిపించింది, ప్రమాదానికి కారణం వెతికేవాళ్లకి అది చాలా ఉపయోగపడింది. 80 ఏళ్లకు పైగా బయటి ప్రపంచానికి తెలియకుండా ఉండిపోయింది ఆ రీల్. కాబట్టి కుటుంబాల దగ్గర, చిన్న మ్యూజియంల దగ్గర, ఎయిర్‌షిప్ అభిమాన సంఘాల దగ్గర కూడా అడగండి.

అలాంటి రీల్ చేతికొస్తే ముందు వాసన చూడండి. వెనిగర్ వాసన ఘాటుగా వస్తుంటే ఫిల్మ్ పట్టీలోని అసిటేట్ కుళ్లడం మొదలైంది, ప్రొజెక్టర్‌లో మాత్రం పెట్టొద్దు, నేరుగా స్కానింగ్ ల్యాబ్‌కే. తర్వాత అంచు చూడండి, భూతద్దం, కింద ఒక లైట్ చాలు. సేఫ్టీ అనో నైట్రేట్ అనో అచ్చు ఉంటుంది, నైట్రేట్ అని ఉంటే ఇంట్లో ఉంచుకోకుండా వెంటనే ఆర్కైవ్‌కి ఫోన్ చేయండి. కోడాక్ ఫిల్మ్ అయితే ఆ పక్కనే చిన్న చిన్న గుర్తులు, వృత్తం, చతురస్రం, త్రిభుజం, అవి ఆ ఫిల్మ్ తయారైన ఏడాదిని చెప్తాయి. ఆ గుర్తులు 20 ఏళ్లకోసారి తిరిగి వస్తాయి కాబట్టి 1927, 1947 రెండింటికీ ఒకే గుర్తు, ఏది అన్నది బొమ్మలో ఉన్న కార్లనీ బట్టలనీ చూసి తేల్చుకోవాలి. ఒక కుటుంబం మా తాతగారు 1936లో తీశారు అని ఇచ్చిన రీల్ అంచు మీద గుర్తు చూస్తే 1938కి ముందు ఆ ఫిల్మే పుట్టలేదు. వాళ్లు అబద్ధం చెప్పలేదు, పాపం డబ్బా మీద ఎవరో తప్పు రాశారు.

హక్కు మాత్రం డబ్బా ఇచ్చినవాళ్లదే అని అనుకోకండి, తీసిన మనిషి వారసులందరి సంతకం కావాలి. వాళ్లకి రీల్ తిరిగి ఇచ్చేటప్పుడు పూర్తి స్కాన్ ఒక కాపీ కూడా ఇవ్వండి. చాలామంది తమ వాళ్లు కదలడం మొదటిసారి చూసేది అప్పుడే.

నెగెటివ్‌పెట్టె రాశారు:

ఒక్కటి కలుపుతా. మీ కట్‌లో 1932లో అక్రాన్ ఎయిర్‌షిప్ తాళ్లకి వేలాడుతూ నావికులు పైకి లేచిపోయిన షాట్ ఉందా? ఉంటే ఆ సీన్ ఎక్కడ ఆపాలో డైరెక్టర్‌గారితో కూర్చుని మాట్లాడండి. ఇద్దరు చనిపోయారు అక్కడ, కింద పడటం కెమెరాలో ఉంది. లైసెన్స్ దొరుకుతుంది, చూపించాలా అన్నది మాత్రం లైసెన్స్ తేల్చే విషయం కాదు. నేనైతే తాడు పట్టుకుని ఉన్న షాట్ దగ్గరే కట్ చేస్తా.

మసకతెర రాశారు:

ఉందండి, పూర్తిగానే పెట్టాం. ఇవాళ మాట్లాడి తాడు దగ్గరే ఆపేశాం.

అప్‌డేట్: 63లో 51 షాట్లకి రుజువు దొరికింది, 7 తీసేశాం, 5 ఇంకా తెలియదు. హిండెన్‌బర్గ్ సీన్‌కి యూనివర్సల్ రీల్ నుంచే కొత్త కాపీ అడిగాం, మారిసన్ గొంతు లాయర్ దగ్గర ఉంది, సౌండ్ ఇంజనీర్ స్పీడ్ సరిచేసి వినిపించాడు, నిజంగా వేరే మనిషిలా ఉంది, వింటుంటే ఒళ్లు జలదరించింది. ఒక్క చివరి ప్రశ్న, ప్రస్తుతం బడ్జెట్ ఫెస్టివల్స్‌కి సరిపడా మాత్రమే ఉంది, తర్వాత ఎవరైనా కొంటే అప్పుడు మళ్లీ మొదటినుంచి అడుక్కోవాలా?

హక్కులపత్రం రాశారు:

అక్కర్లేదు. ఇప్పుడు ఫెస్టివల్ లైసెన్స్ తీసుకోండి, అదే కాంట్రాక్ట్‌లో టీవీకి ఇంత, ఓటీటీకి ఇంత, అన్ని మీడియాలకీ అన్ని దేశాలకీ శాశ్వతంగా అయితే ఇంత అని రేట్లు ఇప్పుడే రాయించుకోండి, ఆప్షన్ అంటారు దాన్ని. ఆ ఆప్షన్ వాడుకునే గడువు కనీసం రెండేళ్లు పెట్టమని అడగండి. సినిమా అమ్ముడుపోయాక అడిగితే బేరమాడే అవకాశం మీ చేతిలో ఉండదు. ఆ తెలియని 5 షాట్ల పేర్లు, స్టిల్స్ ఇక్కడ పెట్టండి, తలా ఒక చెయ్యి వేద్దాం.